తెల్లన్నంలో ఎర్రగింజలు

షిగే ఫోను పెట్టేసింది గాని దాని మీది నుంచి చెయ్యి తియ్యలేదు.

“ఏమంటుంది తొమిహాకి కాబోయే అత్తగారు?” అని అడిగింది పక్కింటి ఒయోనె.

షిగేది గీషాలుండే ఇల్లు. ఒయోనె పక్కన గీషాల విందులు జరిగే టీ ఇల్లు నడుపుతుంది. నిన్న అన్నం వచ్చిన చెక్క డబ్బా తిరిగిచ్చి పోదామని వచ్చింది. ఇచ్చి చాలాసేపే అయింది. పక్కింట్లో ఇలాంటి గొడవ జరుగుతుంటే కాళ్ళు గుమ్మం దాటుతాయా ఎవరికైనా?

“ఏమంటుంది, అనాల్సిందే అంది.” షిగే కుంపటి దగ్గర కూలబడింది. “మీ పిల్ల మా ఇంటికి కాపరానికి వస్తోందా, చుట్టపుచూపుగా వస్తోందా అని అడిగింది. ఈ వీధిలో ఇన్నేళ్ళూ నోరు పెట్టుకుని బతికినదాన్ని, నాకే నోట మాట రాలేదు.”

“ఆవిడకి అంత తొందరగా ఎలా తెలిసిందో పాపం,” అంది ఒయోనె కప్పులోకి చూస్తూ.

“అదే నేనూ అనుకుంటున్నాను. ఓత్సు దాకా అన్నం వాసన వెళ్ళదు. ఎవరి నోరో వెళ్ళి ఉండాలి.”

ఒయోనె కప్పు కింద పెట్టింది. పొయ్యి మీద ఏదో పెట్టి వచ్చిన సంగతి అప్పుడే గుర్తొచ్చినట్టు లేచి వెళ్ళిపోయింది.

జరిగింది ఇంతే. ఈ ఇంటి గీషా తొమిహా కొలువు మానేసి, సరస్సు ఒడ్డున ఓత్సులో ఉండే పళ్ళ డాక్టరుని పెళ్ళి చేసుకుని వెళ్ళిపోతోంది. అలా వెళ్ళే మనిషి వీధిలో ఇంటింటికీ అన్నం పంపాలి. తెల్లన్నం పంపితే ఇక ఈ గుమ్మం తొక్కనని అర్థం. అందులో కాసిని ఎర్ర బొబ్బర్లు కలిపితే, అక్కడ పొసగకపోతే తిరిగొస్తాను, నా చోటు నాకు ఉంచండి అని అర్థం. నోటితో ఎవరూ అడగరు, నోటితో ఎవరూ చెప్పరు. మూత తీసి చూసుకుంటారు. తెల్లన్నమే పంపాలని తొమిహా అంది. నిన్న మూత తీసిన ప్రతి ఇంట్లోనూ తెల్లటి మెతుకుల మధ్య ఎర్రగింజలు కనిపించాయి.

షినో వసారా చెక్కలు తడిగుడ్డతో తుడుస్తూ ఇదంతా విన్నది. తుడిచిన చోటే మళ్ళీ తుడుస్తోంది. చన్నీళ్ళకి వేళ్ళు కొంకర్లు పోతున్నా ఆమెకు తెలియడం లేదు.

పదహారో ఏడు నడుస్తున్న పిల్ల. నోతో సముద్రపు ఒడ్డున జాలరి ఇంట్లో పుట్టింది. ఈ ఇంట్లో ఉండి పని నేర్చుకుంటోంది. పొద్దున తుడవాలి, పగలు ఆటపాటల టీచర్ల దగ్గరికి వెళ్ళాలి, సాయంత్రం అక్కల చెక్క చెప్పులు గుమ్మంలో వరసగా పెట్టి వాళ్ళు విందుల నుంచి వచ్చేదాకా ఎదురుచూడాలి. వచ్చే నెలలో మొదటిసారి మొహానికి తెల్లరంగు వేసుకుని మైకోగా, అంటే చిన్న గీషాగా, వీధిలోకి అడుగు పెడుతుంది. ఆ రోజు ఒక అక్క ఎదురుగా కూర్చుని, గిన్నెలో సాకే, బియ్యపు సారా, పంచుకుని, తన పేరులో సగం ఇవ్వాలి. ఆ అక్క తొమిహాయే అని వచ్చిన కొత్తలోనే అనుకున్నారు. పేరు కూడా అనుకున్నారు, తొమిజురు అని. ఎవరూ లేనప్పుడు షినో ఆ పేరుతో తనను తాను పిలుచుకునేది.

ఇప్పుడు తొమిహా వెళ్ళిపోతోంది కాబట్టి ఎదురింటి గీషా మామెకికుని బతిమాలి ఒప్పించారు. మామెకికు షినోని ఎగాదిగా చూసి, “చేతులు పెద్దవి,” అని మాత్రం అంది.

“షినో, ఇలా రా.” షిగే పిలిచింది. “నిన్న పొద్దున పొయ్యి దగ్గర ఎవరెవరున్నారు?”

“పెద్దమ్మా, నేనూ అండి.”

షిగేకి ముందు ఈ ఇంటిని ఏలిన మనిషి పెద్దమ్మ. ఇప్పుడు కుంపట్లో బూడిద సర్దుతూ కూర్చుంటుంది. బయటికి వెళ్ళే అన్నం మాత్రం తను దగ్గరుండి వండించాల్సిందే. అది ఆవిడ పంతం.

“నిన్న ఒకటో తారీఖు,” అంది షిగే, చిక్కుముడి విడిపోయినట్టు. “ఇంట్లోకి బొబ్బర్లేసి ఎర్రన్నం వండే రోజు. ఉడకబెట్టిన బొబ్బర్లు పక్కనే ఉన్నాయి. అమ్మా, మీరు ఒక దాంట్లోది ఇంకో దాంట్లో కుమ్మరించారు.”

“నేనా?”

“మీరు కాక పిల్లి కుమ్మరించిందా? మొన్న సాకే కూజాలో వెనిగరు పోసి అతిథుల ముందుకి పంపలేదూ?”

“రెండు సీసాలూ ఒక్కలాగే ఉంటాయి.”

“బియ్యమూ బొబ్బర్లూ కూడా ఒక్కలాగే ఉంటాయా?”

పెద్దమ్మ ఇనప పుల్లతో బూడిదలో గీతలు గీసి చెరిపేసింది. “నాకు గుర్తులేదు షిగే. గుర్తులేదంటే వేసే ఉంటాను.”

షినో నోరు తెరవాల్సిన క్షణం అదే. ఆ సంగతి ఆమెకూ తెలుసు. తడిగుడ్డ పిండుతూ నిలబడిపోయింది.

“ఇక మీరు వంటింట్లోకి వెళ్ళొద్దు,” అంది షిగే. గొంతులో కోపం తగ్గి విసుగు మిగిలింది. “ఈ గొడవ తేలాక కమేఓకాలో మీ మేనకోడలి దగ్గర దిగబెడతాను. అక్కడ గాలి బాగుంటుంది.”

“గాలికేం, ఇక్కడా ఉంది,” అంది పెద్దమ్మ.

ఆవిడ తొమ్మిదో ఏట ఈ గుమ్మంలో అడుగు పెట్టింది. ఆ తరవాత ఇంకో కప్పు కింద పడుకుని ఎరగదు.

మెట్ల మీద అడుగుల చప్పుడయింది. తొమిహా దిగి వచ్చింది. మొహాన రంగు లేదు, ముడి విప్పేసిన జుట్టు వీపు మీద వదులుగా కట్టుకుంది. రంగు లేకపోతే తొమిహా బడి పంతులమ్మలా ఉంటుందని వీధిలో వెక్కిరిస్తారు. షినోకి ఆ మొహమే ఇష్టం.

“డాక్టరు వస్తున్నాడు,” అంది షిగే. “మధ్యాహ్నం రైలుకి. ఏ అన్నం పంపావో నీ నోటితోనే విని రమ్మందట వాళ్ళమ్మ.”

“అంతదూరం రావడమెందుకు? ఫోనులో చెప్పేద్దురుగా.”

“ఏమని చెప్పను? మా ముసలావిడకి మతి పోయిందనా? మతిపోయినవాళ్ళ ఇంటి పిల్లని చేసుకోండనా? అసలు నువ్వెక్కడ చూస్తున్నావు? డబ్బాలకి మూతలు పెట్టింది నువ్వే కదూ.”

“నేనే.”

“కనిపించలేదూ?”

తొమిహా కిటికీ వైపు చూసింది. కిటికీ చెక్క మీద మంచు కరిగి బొట్లుబొట్లుగా పడుతోంది. “ఆవిరి కమ్మేసింది. చూడలేదమ్మా.”

“ఆవిరి,” అంది షిగే. “నువ్వు వెళ్ళిపోతుంటే నాకేదో సంబరంగా ఉందనుకోకు. నువ్వు లేని ఇంటికి ఎవరు వస్తారో, ఎవరు మానేస్తారో నాకు తెలుసు. అయినా వెళ్తానన్నావు, సరే వెళ్ళమన్నాను. వెళ్ళేవాళ్ళు తలుపేసి వెళ్ళాలి. సగం తెరిచి వదిలేస్తే చలిగాలి కొట్టేది ఇంట్లో ఉన్నవాళ్ళకి.”

“ఆయనకేం చెప్పమంటారు?”

“నన్నడుగుతావేమే? పెళ్ళి నీదా నాదా?”

తొమిహా వచ్చిన మెట్లే ఎక్కి వెళ్ళిపోయింది. షిగే మళ్ళీ పిలవలేదు. పెద్దమ్మ బూడిదలో గీతలు గీస్తూనే ఉంది.

షినో వంటింట్లోకి వెళ్ళి టీ పెట్టింది. నీళ్ళు కాగుతుంటే పెద్దమ్మ నెమ్మదిగా వచ్చి గడప బయటే ఆగింది. ఇక లోపలికి రాకూడదు కదా మరి.

“అమ్మడూ,” అంది. “నువ్వు నా పక్కనే ఉన్నావుగా నిన్న. నేనే వేశానంటావా?”

“నేను చూడలేదండీ పెద్దమ్మా.”

“సరేలే. నువ్వు చూడలేదు, నాకు గుర్తులేదు. ఇక అడగడానికి కుండే మిగిలింది.” నవ్వబోయింది గాని నవ్వు రాలేదు. అక్కడే గడప మీద చతికిలబడి, వేళ్ళతో మోకాలి మీద తాళం వేస్తూ ఏదో పాత పాట మొదలు పెట్టింది. చిన్నప్పుడు నేర్చుకున్న పాట. ఒక చరణం, రెండో చరణం, మూడోది. ఎక్కడా తడబడలేదు. తన మతికి తానే పరీక్ష పెట్టుకుంటోందని షినోకి కాసేపటికి అర్థమైంది.

ఆ గింజలు ఎందుకు వేశావని ఎవరైనా అడిగితే షినో ఒక్క జవాబు చెబితే చాలదు. రెండు చెప్పాలి.

నోతోలో వాళ్ళది బార్లీ కలిపిన అన్నం. వట్టి తెల్లన్నం గిన్నెలో గోపురంలా పెట్టగా ఆమె చూసింది ఒకే ఒక్కసారి, అమ్మ పోయినప్పుడు, అమ్మ తలగడ దగ్గర. ఆ అన్నం మధ్యలో తినే పుల్లలు నిలబెట్టారు. తినబోతే నాన్న చెయ్యి మీద కొట్టాడు. నిన్న పొద్దున పెద్దమ్మ కునుకు తీస్తుంటే పాత్ర మూత తీసింది. లోపల అంత అన్నం, తెల్లగా, గుట్టగా. వెళ్ళిపోయే అక్క పేరున ఇంటింటికీ ఇదే పంపుతారా అనిపించింది. పక్కన గిన్నెలో ఎర్ర బొబ్బర్లు ఉన్నాయి. గుప్పెడు తీసి చల్లింది. అది ఒక జవాబు.

రెండోది, అక్క మళ్ళీ రావాలని. ఎర్రగింజలకి ఈ వీధిలో అర్థమేమిటో షినోకి తెలియకపోలేదు. తెలిసే చల్లింది. ఇంత గొడవ అవుతుందని మాత్రం అనుకోలేదు. చేతిలో ఉన్నంతసేపూ అవి నాలుగు గింజలే.

ఇప్పుడు పెళ్ళి ఆగిపోతే తొమిహా ఇక్కడే ఉంటుంది. తను నోరు విప్పకపోతే చాలు, కోరుకున్నది జరిగిపోతుంది. నోరు విప్పితే అక్క వెళ్ళిపోతుంది, తనని నోతో రైలెక్కిస్తారు. అక్కడ నాన్న మళ్ళీ పెళ్ళి చేసుకున్నాడు. ఇంట్లో తన పక్క పరిచే చోట ఇప్పుడు ఉయ్యాల ఉంది.

తొమిహా గది సగం ఖాళీ అయింది. కిమోనోలు పుచ్చుకున్నవాళ్ళు పుచ్చుకున్నారు. ఆమె వాయించే మూడు తీగల షామిసెన్ కూడా గోడకి లేదు. మిగిలిన గుడ్డలు పెట్టెలో సర్దుతూ కూర్చుంది తొమిహా.

షినో టీ పెట్టి, వెళ్ళకుండా చాప మీద నుదురు ఆనించి వంగింది.

“ఏమిటే?”

“అక్కా, ఆ గింజలు వేసింది పెద్దమ్మ కాదండి. నేను.”

“తెలుసు,” అంది తొమిహా.

షినో తల ఎత్తింది.

“పెద్దమ్మ వేస్తే పాత్రంతా సమంగా కలుస్తుంది. ఎంత వయసొచ్చినా చెయ్యి మర్చిపోదు. ఇవి పైపైన చల్లినట్టున్నాయి. మొదటి డబ్బా నింపినప్పుడే చూశాను.” పెట్టెలోకి ఒక గుడ్డ పెట్టింది, మళ్ళీ తీసింది. “చూసి మూత పెట్టాను.”

“మరి ఆవిరి అన్నారు?”

“అన్నాను.”

బయట వీధిలో చేపలవాడి సైకిలు గంట మోగుతూ పోయింది.

“పదేళ్ళప్పుడు వచ్చాను ఇక్కడికి,” అంది తొమిహా. “నాకు కూరలు బేరమాడడం రాదు. గ్యాసు పొయ్యి వెలిగించడం రాదు. మొన్న వాళ్ళింటికి వెళ్తే ఆవిడ నా చేతికి ముల్లంగి ఇచ్చి తరగమంది. కత్తి ఎలా పట్టుకోవాలో తెలియక నవ్వాను. మనం నవ్వుతాం కదా, ఏం తోచకపోతే. ఆవిడ నవ్వలేదు. ఆయన మంచివాడే. పొద్దున ఆస్పత్రికి వెళ్తే సాయంత్రం వస్తాడు. అంతసేపూ ఆ ఇంట్లో నన్ను అక్కా అని పిలిచేవాళ్ళెవరూ ఉండరు. ఆ ఊళ్ళోనే ఉండరు.”

అక్కకి కూడా ఒంటరితనం ఉంటుందని షినో ఎప్పుడూ అనుకోలేదు. అది తనలాంటి చిన్నవాళ్ళకి వచ్చే జబ్బు అనుకుంది.

“నువ్వు ఊరుకో, చాలు,” తొమిహా గొంతు తగ్గించింది. “వాళ్ళమ్మ ఎటూ ఒప్పుకోవడం లేదు, ఇది సాకు దొరికింది. ఆవిడే వద్దంటుంది. నేను కాదన్నానని ఎవరూ అనరు. వచ్చే నెల నీ గిన్నెలో సాకే నేనే పోస్తాను. మామెకికు ఎందుకు మధ్యలో? తొమిజురు అని నేనే పిలుస్తాను నిన్ను. ఏం?”

ఆ పేరు అక్క నోటి నుంచి వినడానికి షినో ఎన్ని రాత్రులు ఎదురుచూసిందో. ఇప్పుడు విన్నది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

“మరి పెద్దమ్మ?” అంది.

“ఆవిడకి ఏదీ ఎక్కువ రోజులు గుర్తుండదులే.”

కింద నుంచి పాట వినిపిస్తూనే ఉంది. మళ్ళీ మొదటి చరణం నుంచి మొదలైంది. తొమిహా అది విని తల తిప్పేసుకుంది.

డాక్టర్ కురాతా వచ్చేసరికి వాన మొదలైంది. ఆయన గుమ్మంలో రబ్బరు బూట్లు విప్పడానికి తంటాలు పడి, చివరికి ఒక మేజోడు కూడా బూటుతో పాటు ఊడి వస్తే దాన్ని జేబులో పెట్టుకుని లోపలికి వచ్చాడు. నడివయసు మనిషి. మొదటి భార్య పోయి చాలా కాలమైంది. ఆయన దగ్గర ఎప్పుడూ లవంగ నూనె వాసన వస్తుంది.

చాపల గదిలో అందరూ కూర్చున్నారు. షిగే, తొమిహా, కాస్త వెనకగా పెద్దమ్మ. షినో టీ తెచ్చి పెట్టి తలుపు దగ్గర మోకాళ్ళ మీద కూర్చుంది.

“అమ్మ తరఫున రాలేదండి నేను,” అన్నాడు డాక్టరు. “అమ్మకి ఏదో సర్దిచెప్పుకుంటాను. నా కోసమే వచ్చాను. ఎర్రగింజలు వేసి పంపారన్నా నాకేం కోపం లేదు. కొత్తచోటికి వెళ్ళే మనిషి తిరిగొచ్చే దారి చూసుకోవడం తప్పు కాదు. కాకపోతే నాకు తెలియాలి. తెలియకుండా రోజూ సాయంత్రం ఇంటికి రావాలంటే భయంగా ఉంటుంది. ఉందో లేదో అని తలుపు తీయాలి కదండీ.”

ఆయన అంత పొడుగ్గా మాట్లాడగా ఇంతకుముందు ఎవరూ వినలేదు. తొమిహా చేతులు ఒళ్ళో పెట్టుకుని వాటినే చూస్తోంది. అప్పుడు తను ఒక్క మాట అంటే సరిపోయేది. అనలేదు.

ఆ నిశ్శబ్దాన్ని పెద్దమ్మ తన మీద వేసుకుంది. చాప మీద చేతులు ఆనించి, మోకాళ్ళతో ముందుకు జరిగి, నడుం పట్టేసినా లెక్కచేయకుండా డాక్టరు ముందు నుదురు నేలకి ఆనించింది. ఈ వీధిలో మంత్రులు సైతం ఆవిడకే ముందు నమస్కారం పెట్టేవారు.

“ఈ ముసలిదానికి మతి చెడిందండి డాక్టరుగారూ,” అంది. “కుండలు మార్చేశాను. పిల్ల తప్పేం లేదు. నన్ను ఊరికి పంపేస్తున్నారు కూడా. మీరు పెళ్ళి మాత్రం ఆపొద్దు.”

“అయ్యో, లేవండి, లేవండి,” డాక్టరు కంగారుగా ముందుకు వంగాడు. 

పెద్దమ్మ లేవబోయింది. నడుం సహకరించలేదు. చేతులు జారి, తెల్లటి తల మళ్ళీ చాపకి తగిలింది.

“నానే ఏసినానండి.”

అందరూ తలుపు వైపు తిరిగారు. రెండేళ్ళు కష్టపడి వదిలించుకున్న నోతో యాస షినో నోటి నుంచి ఊడిపడింది. ఆమెకు ఆ సంగతి పట్టలేదు.

“పెద్దమ్మ కాదండి. పెద్దమ్మ కునుకు తీత్తంటే నానే ఏసినాను. అక్క మళ్ళీ రావాలని ఏసినాను. ఎవుళికీ తెలీదు. ఆవిడ్ని ఊరు పంపీకండి.”

షిగే మొహం తెల్లబడి, తరవాత ఎర్రబడింది. అతిథి ముందు కేకలు వేసే అలవాటు లేదు కాబట్టి పళ్ళు బిగబట్టి కూర్చుంది. పెద్దమ్మ వంగినది వంగినట్టే ఉండి, తల తిప్పి షినోని చూసింది. కోపం లేదు ఆ చూపులో. పోయిన వస్తువు దొరికిన మనిషి చూపు అది.

డాక్టరు పెద్దమ్మని లేపి కూర్చోబెట్టాడు. ఆయన మొహంలో భారం దిగిపోయింది. పాపం, దాచుకోవడం చేతకాని మనిషి.

“చిన్నపిల్ల. అక్క మీద బెంగ. ఇందులో తప్పేముందండీ,” అన్నాడు. తరవాత తొమిహా వైపు తిరిగాడు. “అయితే మీరు పంపాలనుకున్నది తెల్లన్నమేనా?”

షినో ఎవరికీ తెలీదు అంది. తను మూత పెట్టిన సంగతి ఆ పిల్ల చెప్పలేదని తొమిహాకి తెలుసు. దాచి కాపాడింది. అదే మాటతో అక్కకి దాక్కునే చోటు లేకుండా కూడా చేసింది. తొమిహా షినో వైపు చూసింది. ఆ చూపులో మెచ్చుకోలు ఎంతో, నిష్ఠూరం ఎంతో షినోకి అంతుపట్టలేదు.

“తెల్లన్నమే,” అంది తొమిహా.

ఆయన సాయంత్రం రైలు అందుకోవాలని లేచాడు. షిగే గొడుగు ఇచ్చి మలుపు దాకా సాగనంపి వచ్చింది. వస్తూనే గుమ్మంలో షినోని నిలబెట్టింది.

“రేపు తెల్లన్నం వండిస్తాను. ఇంటింటికీ నువ్వే మోసుకెళ్ళాలి, ఒక్కదానివే. మామెకికు గుమ్మంతో మొదలుపెట్టు. ఆవిడ ఇంకా నీకు అక్కగా ఉంటానంటే ఉంటావు, ఛీ పొమ్మంటే నోతో వెళ్తావు. నేను మాత్రం అడ్డం పడను. యాస చూడు యాస. రెండేళ్ళు గంగలో పోశాను.”

“అలాగేనండి,” అంది షినో.

షిగే లోపలికి వెళ్ళింది. “అమ్మా, పొయ్యి మీద ఏం పెట్టమంటారు రాత్రికి?” అని పెద్దమ్మని అడగడం వినిపించింది. కమేఓకా మాట ఇక ఎత్తలేదు.

షినో చెప్పులు వరసగా సర్దుతుంటే తొమిహా వచ్చి గుమ్మం అంచున కూర్చుంది. వాన నీళ్ళు రాళ్ళ మధ్య నుంచి పారుతున్నాయి.

“అక్కా,” అంది షినో. “నా మీద కోపమా?”

“రేపు ప్రతి గుమ్మంలోనూ నిన్నొకటి అడుగుతారు,” అంది తొమిహా. “మామూలుగా ఈ అన్నానికి ఎవరూ నోరు విప్పరు. రెండోసారి వచ్చింది కాబట్టి అడుగుతారు. తొమిహా ఇక రాదా అని. ఏం చెప్తావు?”

షినో తల వంచుకుంది.

“చెప్పు. నేనే ఒయోనెని. మూత తీశాను. ఏమ్మా, తొమిహా ఇక రాదా?”

“రారండి,” అంది షినో.

“నోతోలో కాదు, ఇక్కడ చెప్తున్నావు. వీపు నిటారుగా పెట్టు. చేతులు ముందుకి. పేరు పెట్టి చెప్పాలి.”

ఇన్నాళ్ళూ నడక నేర్పిన గొంతు అది. విసనకర్ర పట్టుకోవడం నేర్పిన గొంతు. షినో వీపు నిటారు చేసింది. పెద్ద చేతులు ఒకదాని మీద ఒకటి పెట్టుకుంది.

“తొమిహా అక్క ఇక రారండి.”

“వణుకుతోంది. మళ్ళీ.”

“తొమిహా అక్క ఇక రారండి.”

“నేల చూస్తున్నావు. అవతలివాళ్ళ మొహం చూడు. నా మొహం చూడు.”

షినో చూసింది. రంగు లేని మొహం, తనకి ఇష్టమైన మొహం. వీధి దీపం వెలుతురు దాని మీద పడుతోంది. ఈసారి నెమ్మదిగా, ఒక్క అక్షరమూ జారకుండా, ఈ ఊళ్ళో పుట్టిన పిల్లలా చెప్పింది.

“తొమిహా అక్క ఇక రారండి.”

గొంతు వణకలేదు. ఎక్కడా తప్పు పోలేదు. ఇక అక్క బాగుందనాలి. షినో చూపు తిప్పకుండా ఎదురుచూసింది.

తొమిహా పెదవులు కదిలాయి గాని మాట రాలేదు. చేత్తో మాత్రం సైగ చేసింది, మళ్ళీ చెప్పమని.